రాసే పని నుంచి చూసుకునే పనికి: హన్మకొండలో ఆరు నెలల ప్రాజెక్టు డైరీ

ఆగస్టు 4, 2025

ఆరేళ్లు కంటెంట్ రాశాను. 2019లో మొదలుపెట్టినప్పుడు తెలుగుకు పదానికి 40 పైసలు, ఇంగ్లీషుకు 60 పైసలు. ఇంటి లోన్లు, ఇన్సూరెన్స్, చర్మానికి పసుపు, పిల్లల పేర్లు, ఏ టాపిక్ ఇస్తే అది రాసేదాన్ని. రోజుకు రెండు వేల పదాలు రాస్తే నెల గడిచిపోయేది. 2022 నవంబర్ 30న చాట్‌జీపీటీ వచ్చింది. మా పని ఒక్కరోజులో పోలేదు, పల్చబడుతూ వచ్చింది. ముందు చిన్న ఆర్టికల్స్ ఆగిపోయాయి, తర్వాత ఇంగ్లీషు మొత్తం ఆగింది. పోయిన నెల నేను ఎక్కువగా రాసే ఏజెన్సీ నుంచి మెయిల్ వచ్చింది. ఇకపై ఏఐ రాసినదాన్ని సరిచేసి పంపితే చాలట, పదానికి 12 పైసలు. ఒకటి చేసి చూశాను. వెయ్యి పదాలు బాగు చేయడానికి మూడు గంటలు పట్టింది, 120 రూపాయలు వచ్చాయి.

అందుకే ఈ డైరీ. జనవరి నెలాఖరు దాకా గడువు పెట్టుకున్నాను. ఈలోపు వర్చువల్ అసిస్టెంట్‌గా నిలకడైన పని దొరకాలి, నెలకు 18 వేలు చేతికి రావాలి. రాకపోతే బాబును అమ్మ దగ్గర వదిలి హైదరాబాద్‌లో ఉద్యోగం చూసుకోవాలి. అది నాకు అస్సలు ఇష్టం లేదు.

సాయంత్రం అమ్మ అడిగింది, "ఏం పనే బిడ్డా అది?" అని. "ఎక్కడో ఉన్నోళ్ల పనులు ఇంట్ల కూసొని చూసుకునుడమ్మా. మెయిల్స్, అపాయింట్‌మెంట్లు, లెక్కలు" అన్నాను. "అంటే మీ బాపు చేసిన గుమస్తా పనే గద" అంది. బాపు ఎనుమాముల మార్కెట్‌లో ఒక కమిషన్ దుకాణంలో ముప్పై ఏళ్లు గుమస్తాగా చేశాడు. మిర్చి సీజన్‌లో రాత్రి పదకొండుకు ఇల్లు చేరేవాడు, చొక్కా విడిచిన చోట ఇల్లంతా తుమ్ములు. ఆయన పనికీ నా పనికీ సంబంధం ఉంటుందని ఇంతవరకు అనుకోలేదు. అమ్మ మాట పట్టుకుని కూర్చున్నాను. నిజమే అనిపించింది.

ఆగస్టు 16

పన్నెండు రోజులుగా ప్రాక్టీస్. పొద్దున బాబు స్కూల్‌కు వెళ్లాక రెండు గంటలు, రాత్రి ఒక గంట. జీమెయిల్, గూగుల్ క్యాలెండర్, షీట్స్, ఈ మూడే. ట్రెల్లో, నోషన్, స్లాక్ అంటూ వీడియోల్లో చాలా చెబుతున్నారు. అవి క్లయింట్ వాడితే నేర్చుకుంటాను. ఈ మూడూ మాత్రం ఎవరి దగ్గరికి వెళ్లినా తప్పవు.

జీమెయిల్ పదేళ్లుగా వాడుతున్నా ఫిల్టర్లు ఎప్పుడూ పెట్టలేదు. ఇప్పుడు నా సొంత ఇన్‌బాక్స్ మీదే చేసి చూశాను. బ్యాంకు మెయిల్స్ ఒక లేబుల్‌లోకి, స్కూల్‌వి ఇంకో లేబుల్‌లోకి, అమ్మకాల మెయిల్స్ ఇన్‌బాక్స్‌కు రాకుండా నేరుగా ఆర్కైవ్‌లోకి. చదవనివి 4,200 ఉండేవి, రెండు రోజుల్లో సున్నాకు తెచ్చాను. ఇంకొకటి, పంపిన మెయిల్‌ను వెనక్కి తీసుకునే టైమ్ మామూలుగా 5 సెకన్లే ఉంటుంది. సెట్టింగ్స్‌లో దాన్ని 30 సెకన్లకు పెంచుకోవచ్చు. వేరేవాళ్ల తరఫున మెయిల్ రాసేవాళ్లు ముందుగా చేయాల్సిన పని ఇదే.

ఆగస్టు 23

ఈరోజు ఒక ఫోన్ వచ్చింది. ఇంటి నుంచే వర్చువల్ అసిస్టెంట్ ఉద్యోగం, నెలకు 30 వేలు, ముందుగా రిజిస్ట్రేషన్‌కు 2,500 కట్టాలన్నారు. గొంతు చాలా మర్యాదగా ఉంది. పని ఏమిటి, ఎవరికి చేయాలి అని అడిగితే నీళ్లు నమిలారు. పెట్టేశాను. పని ఇచ్చేవాళ్లు మనకు డబ్బు ఇస్తారు, మన దగ్గర తీసుకోరు. నాతో పాటు కంటెంట్ రాసిన ఒక చెల్లె ఇలాగే పోయినేడు కట్టింది, ఒక్క రూపాయి తిరిగి రాలేదు. అలా జరిగితే ఆలస్యం చేయకుండా సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయాలి. ఆ నంబర్ ఉందని అప్పుడు ఆమెకు తెలియదు, నాకూ తెలియదు.

సెప్టెంబర్ 8

మొదటి పని దొరికింది! మా వదిన మోకాళ్ల నొప్పికి నక్కలగుట్టలో ఒక ఫిజియోథెరపీ డాక్టర్ దగ్గరికి వెళ్తుంది. అక్కడ రిసెప్షన్‌లో ఉండే అమ్మాయి పెళ్లయి వెళ్లిపోయిందని, సారే ఒక చేత్తో ఫోన్ పట్టుకుని ఇంకో చేత్తో ట్రీట్‌మెంట్ ఇస్తున్నారని వదిన చెప్పింది. వెళ్లి కలిశాను. వచ్చినవాళ్లను కూర్చోబెట్టడానికి ఆయమ్మ ఉంది. ఫోన్లు, వాట్సాప్, అపాయింట్‌మెంట్లు, మెయిల్ నేను ఇంటి నుంచి చూసుకుంటానని చెప్పాను. రోజుకు గంటన్నర, ఆదివారం సెలవు, నెలకు 7,000. సార్ రెండు నిమిషాలు ఆలోచించి "ఒక నెల చూద్దామమ్మా" అన్నారు.

వాట్సాప్ బిజినెస్ ఫోన్ క్లినిక్‌లోనే ఉంటుంది. దాన్ని నా ల్యాప్‌టాప్‌కు లింక్ చేసుకున్నాను. ఒక ఫోన్‌కు నాలుగు పరికరాల దాకా లింక్ చేయవచ్చు. ఫోన్‌ను 14 రోజులు ఎవరూ తెరవకపోతే లింక్ తెగిపోతుంది, కానీ క్లినిక్‌లో ఆ భయం లేదు.

సెప్టెంబర్ 10

సార్ నాకు జీమెయిల్ పాస్‌వర్డ్ వాట్సాప్‌లో పంపారు. నమ్మకంతోనే పంపారు. తీసుకోకూడదని మాత్రం ముందే నిర్ణయించుకున్నాను. రేపు ఏదైనా జరిగితే ఆయనకూ నష్టం, నాకూ మాట. పైగా నేను లాగిన్ అయిన ప్రతిసారీ ఓటీపీ ఆయన ఫోన్‌కు వెళ్తుంది, ట్రీట్‌మెంట్ మధ్యలో ఆపి నాకు చెప్పాలి.

అందుకే క్లినిక్‌కు వెళ్లి, సార్ కంప్యూటర్‌లోనే డెలిగేషన్ పెట్టించాను. జీమెయిల్ సెట్టింగ్స్‌లో అకౌంట్స్ అండ్ ఇంపోర్ట్ అని ఉంటుంది, అందులో గ్రాంట్ యాక్సెస్ టు యువర్ అకౌంట్. అక్కడ నా మెయిల్ ఐడీ ఇస్తే నాకు ఒక ఆహ్వానం వస్తుంది, వారంలోపు ఒప్పుకోవాలి. ఫోన్ యాప్‌లో ఇది పెట్టడం కుదరదు, కంప్యూటర్ కావాలి. ఇప్పుడు నా లాగిన్‌తోనే ఆయన మెయిల్స్ చదవగలను, జవాబివ్వగలను. పాస్‌వర్డ్ మార్చలేను. ఆయన వద్దనుకున్న రోజు ఒక్క క్లిక్‌తో నన్ను తీసేయవచ్చు. అది చూపించాక సార్ అప్పటికప్పుడే పాత పాస్‌వర్డ్ మార్చేశారు. నన్ను తీసేసే దారి చూపించాకే నా మీద నమ్మకం పెరిగినట్టు అనిపించింది.

పేషెంట్ల వివరాలు ఏ ఏఐ టూల్‌లోనూ పెట్టనని కూడా చెప్పాను. 2023లో డిజిటల్ వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చింది. చట్టం సంగతి అలా ఉంచి, ఎవరి నడుము నొప్పి వాళ్ల సొంత విషయం.

సెప్టెంబర్ 19

ఈ వారం సంగతి వివరంగా రాసుకోవాలి.

క్లినిక్‌లో మూడేళ్ల పేషెంట్ల వివరాలు రెండు చోట్ల ఉన్నాయి. కొన్ని రిజిస్టర్‌లో, కొన్ని పాత అమ్మాయి చేసిన ఎక్సెల్ ఫైల్‌లో. అన్నీ ఒక్క గూగుల్ షీట్‌లోకి తెచ్చాను, 1,312 వరుసలు వచ్చాయి. ఫోన్ నంబర్ల కాలమ్ చూస్తే తల తిరిగింది. కొన్నింటికి ముందు ప్లస్ 91, కొన్నింటికి సున్నా, కొన్నింటి మధ్యలో ఖాళీలు. ఖాళీలున్న ప్లస్ 91 నంబర్లను షీట్ ఫార్ములా అనుకుని ఎర్రర్ చూపిస్తుంది. ఖాళీ లేనివాటికి ప్లస్ తీసేస్తుంది. ముందు సున్నా ఉంటే దాన్నీ మింగేస్తుంది. నంబర్లు అతికించే ముందే ఆ కాలమ్ ఫార్మాట్‌ను ప్లెయిన్ టెక్స్ట్‌గా మార్చాలని రెండు గంటలు పోయాక తెలిసింది. ఆ తర్వాత రెజెక్స్‌రీప్లేస్ అనే ఫార్ములాతో అంకెలు కానివన్నీ తీసేసి, రైట్ అనే ఫార్ములాతో చివరి పది అంకెలు మాత్రం ఉంచాను. రెజెక్స్‌రీప్లేస్ టెక్స్ట్ మీదే పనిచేస్తుంది, సంఖ్య ఇస్తే ఎర్రర్ వస్తుంది. ప్లెయిన్ టెక్స్ట్ చేయాల్సిన అవసరం అందుకూ ఉంది.

అంతా శుభ్రమైంది. సంతోషంలో ఫోన్ నంబర్ ఆధారంగా రిమూవ్ డూప్లికేట్స్ నొక్కేశాను. 214 వరుసలు పోయాయి. ఒకే మనిషిని రెండుసార్లు రాసి ఉంటారు, మంచిదే అనుకున్నాను. మరునాడు పరకాల నుంచి ఒక పెద్దమ్మ వచ్చి, భుజానికి పోయినసారి ఎన్ని రోజులు ట్రీట్‌మెంట్ తీసుకున్నానో చూడమంది. షీట్‌లో ఆమె లేదు. ఆ నంబర్ మీద ఆమె భర్త ఉన్నాడు. గుండె జారిపోయింది. ఇంట్లో ఒక్కటే ఫోన్, దాని మీద నలుగురు పేషెంట్లు. ముందు వచ్చిన ఒక్కరిని ఉంచి మిగతా ముగ్గురిని నేను తీసేశాను.

వర్షన్ హిస్టరీలో ముందురోజు షీట్ ఉంది. దాన్ని వెనక్కి తెచ్చేసరికి ప్రాణం లేచి వచ్చింది. సార్‌కు నేనే ఫోన్ చేసి జరిగింది చెప్పాను. "దొరికింది గదమ్మా, కానీయ్" అన్నారు. నాకు మాత్రం ఆ రాత్రంతా టెన్షన్ తగ్గలేదు.

అన్నం తినేటప్పుడు బాపుకు చెప్పాను. బాపు ఎక్కువ మాట్లాడడు. చెయ్యి కడుక్కుని వచ్చి అన్నాడు, "లాట్ రాసేటప్పుడు సరుకు ఎవలదో ముందు రాయాలె బిడ్డా. ఎన్ని బస్తాలన్నది తర్వాత. ఒక్క బండి మీద నలుగురు రైతుల మిర్చి వస్తది. బండి నంబర్ సూసి రాస్తే ముగ్గురు మునిగిపోతరు."

నేను చేసిన తప్పు అచ్చం అదే. షీట్‌లో ఒక కొత్త కాలమ్ పెట్టాను: ఈ నంబర్ ఎవరిది. సొంతం, కొడుకు, కోడలు, పక్కింటివాళ్లు. నింపుతుంటే ఇంకో సంగతి బయటపడింది. వందకు పైగా నంబర్లు హైదరాబాద్‌లో ఉండే కొడుకులవి, బిడ్డలవి. మనం పంపే రిమైండర్ కొడుకుకు చేరుతోంది, నర్సంపేటలో ఉన్న తల్లికి అందడం లేదు. అపాయింట్‌మెంట్‌కు రాకపోవడానికి ఇదొక పెద్ద కారణం. వాళ్లందరికీ ఊళ్లో ఉండే రెండో నంబర్ అడిగి తీసుకోవడం మొదలుపెట్టాను.

సెప్టెంబర్ 27

బతుకమ్మ రోజులు. పొద్దున అమ్మ, నేను తంగేడు పూలు, గునుగు పూలు సర్దుతుంటేనే క్లినిక్ వాట్సాప్ మోగుతూ ఉంటుంది. మా కాలనీలో సాయంత్రం ఆడేది ఏడింటి నుంచి. ఏడు తర్వాత వచ్చిన మెసేజ్‌లకు మరునాడు పొద్దున జవాబిస్తామని దానంతటదే వెళ్లే మెసేజ్ పెట్టాను, సార్‌కు ముందే చెప్పి.

రిమైండర్ మెసేజ్ గురించి. క్లినిక్‌లో పాతది చాలా మొరటుగా ఉందని నేను కొత్తగా రాశాను: "దయచేసి మీ నిర్ణీత సమయానికి పది నిమిషాలు ముందుగా విచ్చేసి, సంబంధిత వైద్య నివేదికలను వెంట తీసుకురాగలరు." ఆరేళ్లు రాసిన చెయ్యి కదా, అలాగే వచ్చింది. రెండు రోజుల్లో తొమ్మిది మంది ఫోన్ చేశారు. నివేదికలంటే ఏంది మేడమ్ అని ఒకరు, అసలు ఎప్పుడు రావాలె అని ఇంకొకరు. మార్చాను: "రేపు పొద్దున 10:30కి రండి. పాత రిపోర్టులు, ఎక్స్‌రే తెచ్చుకోండి. రాలేకపోతే ఈ నంబర్‌కే చెప్పండి." ఆ తర్వాత అలాంటి ఫోన్ ఒక్కటి కూడా లేదు. ఇవి నేను ఇప్పటిదాకా రాసినవాటిలో అన్నిటికంటే ఎక్కువమంది చదివి, చెప్పినట్టు చేసిన వాక్యాలు. దానికి పదానికి ఇంత అని ఎవరూ ఇవ్వరు, అయినా మనసు నిండింది.

ఒక చిన్న నేర్పు కూడా. అమావాస్య నాడు కొత్తగా ట్రీట్‌మెంట్ మొదలుపెట్టమంటే చాలామంది ఒప్పుకోరు. క్యాలెండర్‌లో అమావాస్యలు వేసుకుని, ఆ రోజుల్లో పాత పేషెంట్లకే టైమ్ ఇస్తున్నాను.

అక్టోబర్ 11

రెండో పని. కాకతీయ యూనివర్సిటీలో నాతో పీజీ చేసిన దోస్తు వాళ్ల అక్క న్యూజెర్సీలో ఉంటుంది, ఆన్‌లైన్‌లో కర్ణాటక సంగీతం నేర్పుతుంది. 17 మంది పిల్లలు. ఎక్కువమంది న్యూజెర్సీలోనే, ఇద్దరు డాలస్‌లో, ఒకరు ఫీనిక్స్‌లో, ఒకరు లండన్‌లో. క్లాసుల టైమ్, ఫీజు గుర్తు చేయడం, రికార్డింగ్‌లు పంపడం, తల్లిదండ్రుల మెయిల్స్ నేను చూసుకోవాలి. నెలకు 20 గంటలు, 120 డాలర్లు. ఫోన్ పెట్టేశాక కాసేపు అలాగే కూర్చున్నాను.

ఆదివారం పెద్ద క్లాస్ అక్కడ ఉదయం 10 గంటలకు. మనకు రాత్రి 7:30. క్యాలెండర్‌లో ప్రతి ఆదివారం వచ్చేలా పెట్టేసి అందరికీ ఆహ్వానాలు పంపాను.

అక్టోబర్ 29, 30

మొంథా తుఫాను. బుధవారం పొద్దున మొదలైన వాన ఆగలేదు. హంటర్ రోడ్డు వైపు, సమ్మయ్యనగర్‌లో ఇళ్లలోకి నీళ్లు వచ్చాయి. మాది బాలసముద్రంలో రెండో అంతస్తు, మాకు నీటి భయం లేదు కానీ మధ్యాహ్నానికి కరెంటు పోయింది, వైఫై పోయింది, సాయంత్రానికి ల్యాప్‌టాప్ ఆగిపోయింది. గురువారం 23 మందికి అపాయింట్‌మెంట్లు ఉన్నాయి. పరకాల, జనగామ, నర్సంపేట నుంచి మోకాళ్లు పట్టుకుని బయలుదేరేవాళ్లు. రోడ్ల మీద నీళ్లు.

మరునాటి అపాయింట్‌మెంట్లు పేరు, ఊరు, నంబర్‌తో నోట్‌బుక్‌లో రాసుకోమని బాపు చెప్పినప్పటి నుంచి రోజూ రాత్రి రాస్తున్నాను. షీట్ ఉండగా ఇదెందుకు అని మొదట్లో అనిపించేది. బుధవారం రాత్రి ఆ నోట్‌బుక్, నా చిన్న ఫోన్, కొవ్వొత్తి, ఈ మూడింటితో పని జరిగింది. 23 మందిలో 19 మంది ఎత్తారు. మిగతా నలుగురికి మెసేజ్ పంపి, వాళ్ల రెండో నంబర్లకు చేశాను. ఒక్కరు కూడా అనవసరంగా బయలుదేరలేదు. జనగామ తాత ఒకాయన, "బిడ్డా, నువ్వు చెప్పకపోతే ఆరింటి బస్సు ఎక్కెటోన్ని" అన్నాడు.

నవంబర్ 2

ఈరోజు నేను చేసిన పొరపాటు. రాత్రి 7:40కి అక్క గ్రూప్‌లో వరుసగా మెసేజ్‌లు. పదకొండు మంది పిల్లలు లాగిన్ అయి కూర్చున్నారు, టీచర్ లేదు. మన 7:30 అంటే అక్కడ ఉదయం ఎంత అన్నదే నేను పడ్డ గందరగోళం. నిన్నటి లెక్కలో అది 10. కొత్త లెక్కలో 9.

అమెరికాలో ఈ తెల్లవారుజామున గడియారాలు ఒక గంట వెనక్కి జరిగాయి. మార్చిలో రెండో ఆదివారం ముందుకు, నవంబర్‌లో మొదటి ఆదివారం వెనక్కి. మనకు ఇక్కడ ఆ అలవాటే లేదు కాబట్టి నా బుర్రకు తట్టలేదు. మనకూ న్యూజెర్సీకీ తొమ్మిదిన్నర గంటల తేడా ఉండేది, ఇప్పుడు పదిన్నర. నేను క్లాస్‌ను మన టైమ్‌లో 7:30 అని పెట్టాను. మన 7:30 కదల్లేదు, వాళ్ల క్యాలెండర్‌లో మాత్రం క్లాస్ 9కి జరిగింది. అక్క తనకు అలవాటైన 10కి తయారవుతోంది.

జవాబు రాయడం మొదలుపెట్టాను. డేలైట్ సేవింగ్ అంటే ఏమిటి, ఇండియాలో ఎందుకు లేదు, పొరపాటు ఎలా జరిగింది, అన్నీ వివరంగా ఒక పెద్ద పేరా అయింది. చదువుకుని మొత్తం తుడిచేశాను. పొద్దున్నే పిల్లల్ని లేపి కూర్చోబెట్టిన తల్లులకు వ్యాసం ఎందుకు? నాలుగు ముక్కలు పంపాను: "క్లాస్ 10 గంటలకే. క్యాలెండర్‌లో 9 అని చూపించడం నా తప్పు, టీచర్‌ది కాదు. ఇప్పుడే సరిచేస్తున్నాను. మీ ఆదివారం పొద్దును పాడుచేసినందుకు క్షమించండి." రెండు నిమిషాల్లో ఒక తల్లి నుంచి, పర్వాలేదు, టిఫిన్ తినేసి వస్తామని మెసేజ్ వచ్చింది.

తర్వాత అక్కకు ఫోన్ చేశాను. "అమెరికా వచ్చిన మొదటి ఏడు నేను గుడికి గంట ముందు పోయి తలుపు దగ్గర నిలబడ్డనే" అంది. ఆ మాటతో తేరుకున్నాను. కానీ లండన్ బాబుకు ఇంకా ఎక్కువ అన్యాయం జరిగిందని అప్పుడే గమనించాను. బ్రిటన్‌లో గడియారం వారం ముందే, అక్టోబర్ 26న మారింది. అతని క్లాస్ మధ్యాహ్నం 3 నుంచి 2కు జరిగింది, ఈ ఆదివారం మళ్లీ 3 కావాలి. ఫీనిక్స్ పాపకు ఇంకో లెక్క. అరిజోనాలో గడియారాలు మార్చరు. ఆమెకు ఇన్నాళ్లు ఉదయం 7కు ఉన్న క్లాస్ ఇక 8కి.

నవంబర్ 4

క్లాసులన్నీ తీసేసి మళ్లీ పెట్టాను, ఈసారి ఈవెంట్ టైమ్ జోన్‌ను ఈస్టర్న్ టైమ్‌గా ఎంచుకుని. క్లాస్ నడిపే మనిషి ఎక్కడుంటే ఆ ఊరి టైమ్‌లోనే ఈవెంట్ పెట్టాలి. అప్పుడు గడియారాలు మారినా మిగతావాళ్లందరికీ క్యాలెండరే సరిచేసి చూపిస్తుంది. సరుకు ఎవలదో ముందు రాయాలె, అన్న బాపు మాటే ఇక్కడా. నాకు ఇప్పుడు ఆదివారం క్లాస్ రాత్రి 8:30కి. 2026 మార్చి 8న మళ్లీ 7:30 అవుతుంది. మార్చి 1న అందరికీ ముందుగా చెప్పాలని నాకు నేనే గుర్తు పెట్టుకున్నాను. లండన్‌లో మార్చి 29న మారుతుంది, అది వేరే గుర్తు.

జరిగింది జరిగినట్టు ఒక పేజీలో రాసి, ఏం చేయాలో అడుగు అడుగుగా పెట్టి అక్కకు పంపాను. తను చదివి, "నాకు జ్వరం వచ్చి వేరేవాళ్లు చూసుకోవాల్సి వచ్చినా ఇది చదివితే చాలు" అంది. క్లినిక్‌కు కూడా అలాంటి పత్రాలు రాయడం మొదలుపెట్టాను. కంటెంట్ రాసిన అనుభవం ఇక్కడే నిజంగా అక్కరకు వస్తోంది. తెలియని మనిషి చదివి తడబడకుండా పని చేయగలగాలి, అలా రాయడం నాకు వచ్చు.

నవంబర్ 30

డబ్బు సంగతి. అక్క పేపాల్‌లో 120 డాలర్లు పంపింది. విదేశాల నుంచి వచ్చేదాని మీద 4.4 శాతం, పైన 30 సెంట్లు ఫీజు. 114 డాలర్ల 42 సెంట్లు మిగిలాయి, రూపాయల్లోకి మారి సుమారు 9,800 నా ఖాతాలో పడింది. ఖాతా తెరిచేటప్పుడు పాన్, డబ్బు దేనికి వస్తోందో చెప్పే పర్పస్ కోడ్ ఇవ్వాలి. మొదటిసారి పెట్టుకునేవాళ్లు దీనికి ఒక పూట కేటాయించుకోవాలి.

ఆన్‌లైన్‌లో పనులు వెతుక్కునే సైట్ అప్‌వర్క్‌లో కూడా ప్రయత్నించాను. అప్లికేషన్ పెట్టడానికి కనెక్ట్స్ అనే టోకెన్లు కొనాలి, ఒక్కోటి 15 సెంట్లు, ఒక్కో పనికి పది, పన్నెండు కనెక్ట్స్ కూడా అడుగుతారు. పద్నాలుగు పెట్టాను, ఒక్క జవాబు వచ్చింది, అదీ కుదరలేదు. నాకు వచ్చిన రెండు పనులూ తెలిసినవాళ్ల నోటి మాట మీద వచ్చినవే. డిసెంబర్‌లో అటువైపు ఖర్చు చేయను.

డిసెంబర్ 12

గంటల లెక్క చూసుకున్నాను. క్లినిక్‌కు నెలకు 39 గంటలు అనుకున్నాం. నవంబర్‌లో 61 అయ్యాయి. 7,000కు 61 అంటే గంటకు 115 కూడా లేదు. రాత్రి పదింటికి వచ్చే వాట్సాప్‌లకు జవాబివ్వడమే ఎక్కువ తినేస్తోంది. ఇది సార్ తప్పు కాదు, నేనే ఆపలేదు. రాసే పనిలో ఆర్టికల్ పంపేస్తే అయిపోతుంది. ఇక్కడ పని అయిపోవడం అంటూ ఉండదు, కాబట్టి ఆపే గంట మనమే పెట్టుకోవాలి. ఆ సంగతి నాకు ఒంటికి పట్టడానికి మూడు నెలలు పట్టింది.

లెక్క కాగితం మీద రాసి సార్‌కు చూపించాను. రెండు దారులు చెప్పాను: ఏడింటి తర్వాత చూడకుండా ఇదే డబ్బు, లేదా రాత్రి తొమ్మిది వరకు చూసి 9,500. అడగడానికి నోరు రాలేదు కాసేపు. సార్ ఏడింటికే ఆపమన్నారు. "అర్జెంటైతే నా నంబర్ ఉంది గద" అన్నారు. డబ్బు పెరగలేదు కానీ రాత్రులు నావయ్యాయి. బాబుకు మళ్లీ పడుకునే ముందు కథ చెబుతున్నాను.

డిసెంబర్ 28

మూడో పని, చిన్నదే. కొత్తవాడలో దర్రీలు నేసే కుటుంబం ఒకటి ఆన్‌లైన్‌లో అమ్మడం మొదలుపెట్టింది. వరంగల్ దర్రీలకు 2018లో జీఐ గుర్తింపు (ఫలానా ప్రాంతపు సరుకని చెప్పేది) వచ్చింది, ఆ మాట వాళ్ల పేజీలో ఎక్కడా లేదు. ఒకే సైజును ఒక చోట అడుగుల్లో, ఇంకో చోట అంగుళాల్లో రాశారు. రంగుల పేర్లు ఒక్కో ఫొటోకు ఒక్కో తీరు. నెలకు 2,500కు లిస్టింగ్స్, ఆర్డర్ల షీట్ నేను చూసుకుంటాను. మొదటిరోజు మగ్గం పక్కన పీట వేసి కూర్చోబెట్టి, ఆ ఇంటి అన్న దారం ఎలా కలుపుతారో అరగంట చూపించాడు. ఇంటికొచ్చి 42 దర్రీలకు వివరాలు రాశాను. పొడవు, వెడల్పు, నూలు, ఉతికే పద్ధతి. ఒక్క గొప్ప మాట కూడా వాడలేదు. చూసింది రాశానంతే. చాలా రోజుల తర్వాత రాస్తూ సంతోషపడ్డాను.

జనవరి 22, 2026

ఈ నెల 7,000, 9,800, 2,500. మొత్తం 19,300. ఆగస్టులో అనుకున్న అంకె దాటింది. హైదరాబాద్ మాట ఇంట్లో ఎవరూ ఎత్తడం లేదు.

28 నుంచి 31 దాకా మేడారం జాతర. రెండేళ్లకోసారి వచ్చే ఈ నాలుగు రోజులు హన్మకొండ బస్సులన్నీ అటే, రోడ్లన్నీ అటే. ములుగు, భూపాలపల్లి వైపు నుంచి క్లినిక్‌కు రావడం కష్టం. ఆ నాలుగు రోజుల్లో 38 మందికి అపాయింట్‌మెంట్లు ఉన్నాయి. ఎవరు జాతరకు వెళ్తారో, ఎవరు ఇంట్లోనే ఉంటారో అడిగి మార్చాలి. తిరిగొచ్చాక నడుములు, మోకాళ్లు పట్టేసినవాళ్లు ఎక్కువగా వస్తారని సార్ ఫిబ్రవరి మొదటివారం ఖాళీలు ఉంచమన్నారు.

నిన్న రాత్రి అక్క ఫోన్ చేసింది. తన పేరు మీద అమ్మవార్లకు బంగారం సమర్పించగలనా అని అడిగింది. బెల్లాన్ని మనం బంగారమనే అంటామని తన పిల్లలకు చెబితే నమ్మలేదట. అమ్మ, నేను 29న వెళ్తున్నాం, తీసుకెళ్తానన్నాను. పని గంటల లెక్కలో అది రాయలేదు.

నోట్‌బుక్‌లో 38 పేర్లు రాయడం ఇప్పుడే అయింది. ఎవరి నంబర్ ఎవరిదో పక్కనే ఉంది. రేపు పొద్దున ములుగు వైపు వాళ్లతో ఫోన్లు మొదలుపెడతాను.